జమీందారుగారి రెండో ఇల్లు

"మీరు వీణ్ణి ప్రేమతోనే చంపేస్తున్నారు," అంది డాక్టరు.

టైలర్ నోరు వెళ్ళబెట్టాడు. బరువు చూసే మిషను మీద అతని పిల్లి, ముద్దుపేరు జమీందారు, పొట్ట పరుచుకుని హాయిగా కూర్చుంది. పోయిన నెల మొదటిసారి వచ్చినప్పుడు ఈ డాక్టరు కళ్ళు ఎంత బాగున్నాయో అనుకున్నాడతను. ఇవాళ ఆ కళ్ళు నిప్పులు కురిపిస్తున్నాయి.

"ఒళ్ళు తగ్గించి, పళ్ళు శుభ్రంగా ఉంచి, బయట తిరగనివ్వకపోతే పిల్లి చాలా ఏళ్ళు బతుకుతుందని చెప్పానా? వీడు ఇంకా పెరిగాడు. మెట్లెక్కితే ఆయాసం. రేపు షుగరొస్తే?"

టైలర్ పిల్లిని దగ్గరికి లాక్కున్నాడు. ఓ వానరోజు తడిసి ముద్దై కుట్టుమిషను కింద దూరిన ఈ పిల్లి తప్ప ఇంట్లో అతనికి తోడెవరూ లేరు.

"కొలిచే పెడుతున్నానండి, ఒట్టు."

"అయితే గాలి తిని లావయ్యాడా?"

సాయంత్రం పూట కిటికీ దగ్గర వాడు చేసే గోల భరించలేక కాసేపు బయటికి వదులుతున్న సంగతి అతను చెప్పలేదు. ఇంటికెళ్ళి, చొక్కా కాలర్లు కుట్టే చేత్తోనే జమీందారుకో మెడపట్టీ కుట్టాడు. దాని మీద ఎర్రదారంతో అక్షరాలు: 'నాకు తిండి పెట్టకండి. మా డాక్టరు తిడతారు.'

ఆ సాయంత్రం జమీందారు పట్టీతో సహా గోడ దూకింది. చీకటి పడకముందే షాపు గుమ్మంలోకి డాక్టరు వచ్చింది. చంకలో జమీందారు, వెనక తల వంచుకున్న ఓ పెద్దాయన.

"మా నాన్నగారు," అంది నీరసంగా. "వెనక వీధిలోనే ఉంటాం. నేను క్లినిక్‌లో ఉండగా రోజూ వీడికి వేయించిన చేపముక్కలు పెడుతున్నారట. ఇవాళ తొందరగా ఇంటికొస్తే దొరికారు."

"వీధి పిల్లేమో అనుకున్నానమ్మా."

"ఇంత పొట్ట ఉన్న వీధి పిల్లి ఉంటుందా నాన్నా?" ఆమె పట్టీ మీద అక్షరాలు తడిమింది. "సారీ అండి. నేనంత తిడతానా?"

"తిట్టినా బాగుంటుందండి," అనేసి టైలర్ నాలిక్కరుచుకున్నాడు. డాక్టరు నవ్వు దాచుకోలేకపోయింది.

ఆనాటి నుంచి కిటికీ మూతపడింది. పెద్దాయనే రోజూ వచ్చి దారపుండతో జమీందారుని పరిగెత్తించేవాడు. ఆయన్ని తీసుకెళ్ళడానికి వచ్చే డాక్టరు మాత్రం తొందరగా వచ్చి ఆలస్యంగా వెళ్ళేది. టైలర్ టేపుతో పిల్లి నడుం కొలుస్తుంటే ఆమె రెండో కొస పట్టుకునేది. వాన పడితే ఆమె ఇంకాసేపు ఆగాల్సొచ్చి ఇద్దరికీ పండగే.

వానలు తగ్గేసరికి జమీందారు మళ్ళీ క్లినిక్‌లో బరువు చూసే మిషనెక్కింది.

"తగ్గాడు," అంది డాక్టరు, కళ్ళు మెరుస్తుండగా. "షుగర్ లేదు, ఆయాసం లేదు. గెలిచాం. కానీ రెండిళ్ళ తిరుగుడు మళ్ళీ వద్దు. వీడికి ఒక్కటే ఇల్లు."

"వాణ్ణి చూడకుండా నేనుండలేనే," అన్నాడు వెంట వచ్చిన పెద్దాయన.

టైలర్ గొంతు సవరించుకున్నాడు. "అయితే రెండిళ్ళూ ఒకటి చేసేద్దామా, డాక్టర్‌గారూ? వాడి కోసమే కాదు. మిమ్మల్ని చూడకుండా నేనూ ఉండలేను."

"ఈ మాట అనడానికి వాడు సన్నబడేదాకా ఆగారా?" అంది ఆమె ఎర్రబడుతూ.

"నాకు సంతోషమే," పెద్దాయన గబగబా అన్నాడు. "ఈ ఒక్క రోజుకి వాడికో చేపముక్క..."

"వద్దు," అన్నారు ఇద్దరూ ఒక్కసారే.

పెద్దాయన పకపకా నవ్వాడు. "అప్పుడే ఇద్దరిదీ ఒకటే మాట. ఇంకేం, పెళ్ళయిపోయినట్టే."