మంచు మాయమైన రష్యా బొమ్మ

"మేడమ్, రఘు గారు కేసు ఫైల్ చేస్తే నా వీసా పోతుంది!" అంటూ ఉషా అమెరికాలో, నేపర్‌విల్‌లోని డిటెక్టివ్ చాముండేశ్వరి ఆఫీసులోకి వచ్చి కుర్చీలో కూలబడింది.

పాత సినిమా రీళ్లు బాగుచేయడం ఉషా పని. సినిమాలు సేకరించే రఘు, వందేళ్ల నాటి రష్యన్ మూకీ ఒకటి ఆమెకు అప్పగించాడు. అందులో ప్రియుడు మోసగించిన కథానాయిక మంచులో పడి ప్రాణం విడుస్తుంది. ఉషా బాగుచేసి తిరిగిచ్చాక, నిన్న రఘు తన ఇంట్లో అతిథులకు వేస్తే, ఆవిడే నవ్వుతూ పెళ్లికూతురైంది! అసలు ముగింపును ఉషా అమ్ముకుందని రఘు అనుమానం.

"సినిమా వచ్చిన పెట్టెలో ఇంకేముంది?" అడిగింది చాముండేశ్వరి.

"ఒక చిన్న డబ్బా. పనికిరాని ఫిల్మ్ ముక్కలనుకుని ఓపెన్ చేయలేదు, వాళ్లింట్లోనే వదిలేశా. పాత ఫిల్మ్ చల్లగా ఉంచాలని మాత్రం అందరికీ చెప్పాను."

చాముండేశ్వరి ఉషాను, అసిస్టెంట్ రేణును వెంటబెట్టుకుని రఘు ఇంటికి వెళ్లింది. రఘు తల్లి పద్మజ కాఫీ తెచ్చింది. మర్నాడు ఆమెకు గుండె ఆపరేషన్. చేతికి రక్తం తీసిన చోట దూదిపై తెల్లని టేపు ఉంది.

"తెనాలి సినిమా హాల్లో ఆపరేటర్‌గా చేశానమ్మా," అన్నాడు ఆమె భర్త విశ్వనాథం, గర్వంగా.

చాముండేశ్వరి సినిమా వేయించుకుంది. "ఏం నటి, రేణూ! కళ్లతోనే కథంతా చెప్పేస్తోంది!" అని మురిసిపోయింది. తర్వాత రీలు చేత్తో తిప్పి, అతుకు దగ్గర ఆగి, అందరినీ పిలిచింది.

"ఈ ముగింపు నకిలీ కాదు. అదే నటి, అదే గౌను, తలుపు మీద అదే పగులు. ఆ రోజుల్లో రష్యావాళ్లకు విషాదాంతం ఇష్టం. విదేశాలకు సుఖాంతం వేరే తీసేవారు. అది ఆ చిన్న డబ్బాలో వచ్చి ఉంటుంది."

"మరి అతికించిందెవరు?" అన్నాడు రఘు.

"ఉషా జిగురు వాడుతుంది. ఈ అతుక్కి వాడింది మీ అమ్మగారి చేతికున్నలాంటి టేపు. అతికింపు మాత్రం ఆపరేటర్ పనితనం. విశ్వనాథం గారూ, అసలు ముక్క ఫ్రిజ్‌లోనేనా?"

రేణు ఫ్రిజ్ వైపు నడిచింది.

"ఆవకాయ సీసా వెనకుంది," అన్నాడాయన తలవంచుకుని. "ఆపరేషన్‌కెళ్లే మనిషికి ఆ చావెట్టా చూపిచ్చను రా? ఈ పిల్ల మీద నింద పడ్డాక, చెప్పటానికి నోరు రాలా. తప్పే."

"సారీ ఉషా. కేసు లేదు, ఏమీ లేదు," అన్నాడు రఘు.

పద్మజ భర్త వంక చూసి నవ్వింది. "నేనేం గాజుబొమ్మనా? ఉషా, అసలుది వెయ్యమ్మా."

తెర మీద ఆ అమ్మాయి మంచులో ఒరిగిపోయింది. విశ్వనాథం కళ్లు తుడుచుకున్నాడు. పద్మజ చప్పట్లు కొట్టింది.

"ఎంత బాగా చేసిందో! ఆ పెళ్లి ముక్క జాగ్రత్తగా ఉంచమ్మా. హాస్పిటల్ నుంచి రాగానే మళ్లీ చూస్తా."