గేటు ముందు మొదటి బంతి

రండి, ఇంకాస్త ముందుకు జరగండి. ఆ చివర నిలబడ్డవాళ్లూ వచ్చి కూర్చోండి. చోటుదేముంది, పక్కవాళ్లు ఇస్తారు. గంగమ్మ తల్లి గొంతుకు బలమిస్తే, ఈ పూట కొత్తరేవు సంగతి చెప్పుకుందాం.

కొత్తరేవు సముద్రం ఒడ్డున కట్టిన నగరం. ఒక కొసన రియాక్టర్. దాన్ని ఆనుకుని నాలుగు వేలమంది ఉండే జాలరిపేట. పేటకూ ఊరికీ మధ్య ఉప్పుటేరు, దాని మీద ఒకే ఒక్క వంతెన. వంతెనకు పేటవైపున ఇనుప గేటు. ఆ గేటు తాళం ఏ మనిషి దగ్గరా లేదు. పతనదర్శిని అనే యంత్రం దగ్గరుంది.

ఏమిటా యంత్రం అంటారా? మరేం లేదు, అది పదకొండు వేల పుస్తకాలు చదివింది. రియాక్టర్లు కరిగిపోయే సైన్స్ ఫిక్షన్ నవలలు, ప్రభుత్వాలు కూలిన చరిత్రలు, బ్యాంకులు మూతపడి ఊళ్లకు ఊళ్లు కొట్టుకుచచ్చిన కథలు. ప్రతి పుస్తకంలోనూ ఒక్కటే గమనించింది: ఆపద మొదలైన గంటలో జనం ఏం చేస్తారు? ఇప్పుడు కెమెరాల్లోంచి జనాన్ని చూస్తూ, వాళ్లు ఏ పుస్తకంలోని ఏ పేజీలా ఉన్నారో పోల్చి, నూటికి ఇంత అని స్కోరు వేస్తుంది. యాభై దాటితే గేటు మూస్తుంది. ఇరవైకి దిగితే గాని తెరవదు. పుస్తకాల్లో కాపలావాళ్లే ముందు పారిపోతారు కనుక తాళం మనిషి చేతిలో పెట్టొద్దని సలహా ఇచ్చిందీ అదే. నగర పాలకులు తలూపారు.

శ్రావణమాసంలో ఒక శుక్రవారం, ఉదయం పది గంటలకు సైరన్ మోగింది. రియాక్టర్ కూలింగ్ పంపులు రెండూ ఆగిపోయాయి. పేట పేటంతా వంతెన మీదికి పరుగెత్తింది. అంతే, గేటు దభాలున పడింది.

ఆ జనంలో సూరాడ నూకరత్నం ఉంది. పేటలోనే పుట్టి, చదువుకుని, ఇరవై ఎనిమిదేళ్లు నగర గ్రంథాలయంలో పనిచేసి రిటైరైన మనిషి. పతనదర్శినిని తయారుచేసిన డాక్టర్ ఫణీంద్రకు పుస్తకాలన్నీ ఏరి ఇచ్చింది ఆమే. వెంటనే ఆయనకు ఫోన్ చేసింది.

"సార్, గేటు తియ్యండి."

"నా చేతిలో లేదు రత్నంగారూ. మీవాళ్ల స్కోరు తొంభై మూడు. ఊరివాళ్లు ముందు వెళ్లాలని..."

"గాలి ఎప్పుడు తిరుగుతుంది?"

"నలభై నిమిషాల్లో. మీవైపుకి."

రత్నం ఫోన్ చెవి దగ్గరే పెట్టుకుని వెనక్కి తిరిగింది. "అరవకండ్రా! కదలకుండా నిలబడండి!"

ఆమె మాటంటే పేటలో గౌరవం. నాలుగు వేలమందీ నోళ్లు మూసుకుని నిలబడ్డారు. ఫోన్‌లో డాక్టరు చెప్పాడు: "తొంభై ఐదు. పుస్తకాల్లో జనం ఇలా నిశ్శబ్దంగా నిలబడ్డాకే మీద పడతారు."

ఆడవాళ్లు చేతులు జోడించి అమ్మవారిని తలుచుకున్నారు. తొంభై ఆరు! యంత్రానికి భక్తి మీద కోపం కాదు బాబూ. పుస్తకాల్లో అన్నీ అయిపోయినవాళ్లే దండం పెడతారు, అది నేర్చుకున్నదంతే. అలాగని తల్లి వినలేదనుకోకండి. విన్నది. రత్నానికి ఒక పుస్తకం జ్ఞాపకం చేసింది.

పెద్ద తుఫానులో ఊరు కొట్టుకుపోయాక నలభై రోజులు గంజి కాచి పోసినవాళ్లు రాసిన చిన్న పుస్తకమది. ఎంత నీళ్లకు ఎన్ని నూకలు, ఎంతమందిని ఎలా కూర్చోబెట్టాలి, అన్నీ ఉన్నాయి. కూలిపోవడం గురించిన పుస్తకాల వీపు మీద రత్నం ఎర్ర చీటీ అంటించేది. కానీ ఆ పుస్తకాన్ని తిరగేసి, కొలతలు చూసి, వంటల అరలో పెట్టేసింది. అలాంటివి ఎన్ని పెట్టిందో! డాక్టరుగారు అడిగినప్పుడు ఎర్ర చీటీలవే ఎత్తి ఇచ్చింది.

"సార్, తప్పు నాది," అంది. "జనం ఒకర్నొకరు చంపుకున్న పుస్తకాలే దానికిచ్చాను. ఒకరికొకరు వండి పెట్టుకున్నవి వంటల్లో ఉండిపోయాయి. అది వాటి మొహం చూళ్లేదు."

"ఇప్పుడవి చదివించే టైమేదండీ?"

"చదివించక్కర్లేదు. చూపిస్తాను."

గేటుకు వీపు పెట్టి, ఆ కాలే తారు మీద బాసింపట్టు వేసుక్కూర్చుంది రత్నం. పక్కన నేల తట్టింది. "బంతి కూకోండి! ముసలోళ్లు, పసోళ్లు ముందు."

మూడు నెలల కిందటే పెళ్లయిన పోలిరాజు మండిపడ్డాడు. "ఏటి పిన్నీ, మతి పోయిందేటి? సావు నెత్తి మీద కూకుంటే మనం బువ్వకి కూకోవాలా?"

"నీ పెళ్లిలో మూడో బంతిదాకా కూకోనిచ్చినోడు నేదురా," అంటూ ఎర్రయ్య తాత కర్ర పక్కన పెట్టి రత్నం పక్కన చతికిలపడ్డాడు. "కూర అయిపోనాది. ఇయ్యాల మొదటి బంతి నాదే."

ఎవరో నవ్వారు. చావు ముందు నవ్వు! ఆ నవ్వుతోనే ఒకరి వెనక ఒకరు కూర్చున్నారు. వరస వెనక వరస, మధ్యలో వడ్డించేవాళ్లకు దారి. పరుగులో చేతికందిన సద్ది గిన్నెలు, మరమరాలు, రొట్టెలు మూటల్లోంచి బయటికొచ్చాయి. ఇద్దరు కోడళ్లు చెంబులతో వరసల మధ్య నడుస్తూ, "మావా, ఇంకొంచెం మంచినీల్లు?" అని అడుగుతున్నారు.

పతనదర్శిని చూసింది. పదకొండు వేల పుస్తకాలూ వెతికింది. ఇలాంటి పేజీ ఎక్కడా లేదు.

"డెబ్బై," అన్నాడు డాక్టరు. "నలభై ఒకటి... రత్నంగారూ, ఏం చేస్తున్నారక్కడ?"

"భోజనాలు సార్."

"పంతొమ్మిది!"

గేటు కిర్రుమని లేచింది. పోలిరాజు ఒక్క ఉదుటున లేవబోయాడు. ఎర్రయ్య తాత అతని చొక్కా పట్టి కిందికి లాగాడు. "బంతి లెగనేదురా! నీవొక్కడివే సెయ్యి కడిగేస్తావేటి?"

పోలిరాజు కూర్చున్నాడు. పళ్లు బిగించి, కళ్ల నిండా నీళ్లతో కూర్చున్నాడు. రత్నం లేవలేదు, అరచేత్తో సైగ చేసింది. మొదటి బంతి లేచి నడిచింది. తర్వాత రెండోది. చివరి వరస దాటాక, అందరి వెనక రత్నం వంతెన దిగేసరికి, డాక్టరు గాలి మాట చెప్పి ముప్ఫై ఆరు నిమిషాలు.

అవతల చూద్దురు కదా, ముందు వెళ్లనిచ్చిన ఊరివాళ్లు కార్లు కార్లకు గుద్దుకుని రోడ్డుకడ్డంగా ఇరుక్కుపోయి ఉన్నారు. పేటవాళ్లు వాళ్లను దిగమన్నారు, చేతులు పట్టుకున్నారు, తమ వరసల్లో కలుపుకుని నడిపించారు. గాలి తిరిగింది. ఖాళీ పేట మీద విషం కురిసింది. ఇళ్లు పోయాయి, పడవలు పోయాయి. మనిషి ఒక్కడూ పోలేదు.

తర్వాత కమిటీ వేశారు. ఆ ఉదయం కెమెరాల్లో పడినదంతా, మొదటి నిమిషం నుంచి చివరిదాకా, పతనదర్శినికి చదివించి, మిగతా నగరాల్లోనూ దాన్నే పెట్టి, సైరన్లు కూడా దానికే అప్పగించారు. యంత్రం బాగానే నేర్చుకుంది. ఏం నేర్చుకుందంటారా? జనం వరసగా కూర్చుని తింటున్నారంటే రియాక్టర్ కరుగుతోందని! ఆ మాఘమాసంలో ఏ నగరంలో పెళ్లి బంతి వేసినా సైరన్లే. పప్పు వడ్డించేలోపు ఫైరింజన్లు, పోలీసులు.

డాక్టర్ ఫణీంద్ర పేటవాళ్ల కొత్త కాలనీకి వచ్చి తల పట్టుకున్నాడు. "ఎలా ఆపాలండీ దీన్ని? జనం సైరన్‌కి భయపడటం మానేశారు. సైరన్ వినగానే ఎక్కడివాళ్లక్కడ కూర్చుంటున్నారు. ముక్కూమొహం తెలియనివాళ్లకు పక్కన చోటిస్తున్నారు. ఇదేం పిచ్చి!"

"ముందు మీరు కూర్చోండి," అంది రత్నం, చాప జరుపుతూ.

అదీ సంగతి. యంత్రం పేరు మరిచిపోయినా ఫరవాలేదు, లెక్కలు మరిచిపోయినా ఫరవాలేదు. ఒక్కటి మాత్రం గుర్తుపెట్టుకుని ఇంటికెళ్లి చెప్పండి, విన్నవాళ్లను ఇంకొకరికి చెప్పమనండి: గేటు మూసినప్పుడు రత్నం దాన్ని బాదలేదు, ఎవరి కాళ్లూ పట్టుకోలేదు. దానికి వీపు తిప్పి కూర్చుని, పక్కన నేల తట్టింది.