వంగని మనిషి

తాళాల గుత్తి రాతి నేల మీద పడింది.

ఖంగుమన్న చప్పుడు పాత బీరు కార్ఖానా సెల్లార్ గోడలకి కొట్టుకుని తిరిగొచ్చింది.

అందరూ వంగారు.

మెడలో కెమెరా వేలాడేసుకున్నతను వంగాడు. రిటైరైన టీచరమ్మ మోకాళ్ళు పట్టుకుని మూలుగుతూనే వంగింది. కొత్తగా పెళ్ళయిన జంట ఒకేసారి వంగి, తలలు ఢీకొట్టుకుని నవ్వుకున్నారు.

ఒక్కరు మాత్రం వంగలేదు.

వెనక, పీపాల వరస పక్కన నిలబడ్డ ముసలాయన. గుత్తి జారుకుంటూ వెళ్ళి ఆయన కాళ్ళ దగ్గరే ఆగింది. ఆయన ఒక చేత్తో పీపా పట్టుకున్నాడు. బూటు కొనని గుత్తి రింగులో దూర్చాడు. కాలు మెల్లగా పైకెత్తి, రెండో చేత్తో తాళాలు అందుకున్నాడు.

నడుము నిటారుగానే ఉంది!

తాళాలు జారవిడిచిన గైడ్ ఆయన నడుము వైపే చూసింది.

ఆరేళ్ళు. వారానికి ఆరు సాయంత్రాలు. బీరు, భోజనం, ఊరి చరిత్ర కలిపి నడిపించే ఈ టూర్‌లో, ఏడుంబావుకి, ఇదే రాయి మీద, ఆమె తాళాలు జారవిడుస్తూనే ఉంది. చెయ్యి జారిందండీ అంటూ నవ్వుతూనే ఉంది.

దీని కోసమే.

"సెల్లార్‌లో ఏది పడినా వంగకు తల్లీ. బంగారం పడ్డా సరే." నాన్న మాట. పులిసే బీరులోంచి వచ్చే చెడుగాలి బరువైనది. కంటికి కనబడదు. నీళ్ళలా నేల మీద నిలుస్తుంది. వంగినవాడు లేవడు. ఇప్పుడీ సెల్లార్‌లో ఉన్నవి ఖాళీ పీపాలే. కానీ ఇక్కడ పనిచేసినవాడి నడుము ఆ మాట మర్చిపోదు.

అప్పట్లో ఇక్కడ పనిచేసింది ముగ్గురు. మేస్త్రి ఎప్పుడో మంచాన పడి పోయాడు. నాన్న ముప్ఫై ఒక్క ఏళ్ళ కిందట, వెనక గదిలోని తొట్టిలో పోయాడు.

మూడోవాడు... ‘తాగి తొట్టిలో పడ్డాడు’ అని పోలీసులకి వాంగ్మూలం ఇచ్చి, మర్నాడే ఊరొదిలి పారిపోయాడు.

చుక్క ముట్టని నాన్న. రుచి చూసి ఉమ్మేసే నాన్న. ఒక్క మాటతో తాగుబోతైపోయాడు. ఆమె బడిలో తాగుబోతు కూతురైంది. ఇప్పుడు టూర్ కంపెనీ రాసిచ్చిన కథలో నాన్న ‘తాగుబోతు దెయ్యం’. ఆ కథ చెప్పి రోజూ జనాన్ని నవ్వించాల్సింది కూడా ఆమే.

ముసలాయన ముందుకొచ్చి తాళాలు ఇచ్చాడు.

"థాంక్సండీ. ఈ ఊరు మొదటిసారా?"

"మొదటిసారేనమ్మా."

నవ్వాడు. పళ్ళన్నీ మరీ వరసగా ఉన్నాయి. కట్టుడు పళ్ళు. ఒకప్పుడు అక్కడ, ముందు పళ్ళ మధ్య సందుండేది. ఆ సందులోంచి ఈల వేస్తూ వచ్చేవాడు.

ఆమె గొంతు తగ్గించింది.

"ఈల బాబాయ్."

నవ్వు ఆగిపోయింది. ముఖంలో రక్తం లేదు.

ఆయన ఆమెని నెట్టుకుని మెట్ల వైపు పరుగెత్తాడు!

"అయ్యో, కథ మధ్యలో ఉందిగా," అన్నాడు కెమెరా అతను. "దెయ్యం ఏమైంది మేడమ్?"

"ఇప్పుడే పైకి పరుగెత్తింది. పదండి."

ఆమె రెండేసి మెట్లెక్కింది. వెనక పదకొండు మంది. గ్లాసులు చేతుల్లోనే ఉన్నాయి.

వీధి తడిగా ఉంది. పొగమంచులో దీపాలు పసుపు మరకల్లా కనిపిస్తున్నాయి. రాళ్ళ మీద బూట్ల చప్పుడు... ఎడమకి!

"ఇది పీపాలు చేసేవాళ్ళ వీధి!" పరుగెడుతూనే అరిచింది. "ఒకప్పుడు ఇరవై ఇళ్ళుండేవి!"

"కాస్త నెమ్మదిగా చెప్పమ్మా, రాసుకోవాలి," అంది టీచరమ్మ ఎక్కడో వెనక నుంచి.

చివర ఫలహారశాల. టూర్‌లో నాలుగో మజిలీ. ముసలాయన ముందు తలుపులోంచి దూరాడు. ఆమె వెంటే దూరింది. గాలి రివ్వున లోపలికి కొట్టింది. వంటింటి తలుపు ఊగుతోంది. ఆయన వెనక నుంచి వెళ్ళిపోయాడు!

పక్క బల్ల మీద కొవ్వొత్తి గాలికి కొండెక్కింది.

ఆమె కాళ్ళు ఆగాయి.

ఆగాలని అనుకోలేదు. చెయ్యి సంచిలోకి వెళ్ళింది. అగ్గిపెట్టె తీసింది. పుల్ల గీసింది. వెలిగించింది.

"ఇప్పుడా మేడమ్?" కెమెరా అతను నోరు తెరిచాడు.

"దానికదో పిచ్చి బాబూ." వంటామె వేయించిన చేపల పళ్ళెంతో ఎదురొచ్చింది. "ఆరిన కొవ్వొత్తి కనబడితే చాలు. వాళ్ళమ్మ ఇంట్లో అగ్గిపుల్ల కూడా ఉండనివ్వదు. స్టవ్‌కి లైటరే. ఆ ముచ్చట ఇక్కడ తీర్చుకుంటుంది." గైడ్ వైపు తిరిగింది. "నువ్వు ఫోనెత్తలేదని మీ అమ్మ నాకు చేసింది. సెల్లార్‌లోంచి పైకొచ్చావా అని. రోజూ ఒకటే ప్రశ్న. ఆవిడకి ఓ మాట చెప్పు."

"తర్వాత చెప్తాను అక్కా. వీళ్ళకి పెట్టు. నల్ల బీరు పొయ్యి. నేనొచ్చేదాకా కదలనివ్వకు."

"ఎక్కడికే? ముఖమేంటి అలా ఉంది?"

ఆమె అప్పటికే వెనక గుమ్మం దాటింది.

సందు. ఇరుకు. రెండు చేతులు చాపితే రెండు గోడలూ తగులుతాయి.

ముందు ఆయన దగ్గు వినబడుతోంది. ముసలి ఊపిరి. ఎటు పోతున్నాడో ఆమెకి తెలుసు. ఈ సందు చివర ఏటి మెట్లు. అక్కడ పడవలు. ముప్ఫై ఒక్క ఏళ్ళ కిందట పారిపోయిన దారి కూడా అదే అయి ఉంటుంది.

ఆమె పరుగు తగ్గించి నడిచింది.

ఏటి మెట్లు ఇప్పుడు లేవు. వరద వచ్చిన ఏడాది అక్కడ గోడ కట్టేశారు. ఇది ఆమె రోజూ చెప్పే చరిత్రే. ఆ చరిత్ర ఆయనకి తెలియదు. ఆయన కాళ్ళ కింద ఉన్నది పాత ఊరు.

దబ్... అరచేతులు గోడకి తగిలిన చప్పుడు.

తర్వాత నిశ్శబ్దం. తర్వాత చిన్న కిర్రు.

అదే బీరు కార్ఖానా వెనక తలుపు! గడియని కాస్త పైకెత్తి భుజంతో తొయ్యాలి. పాత పనివాళ్ళకి తప్ప ఎవరికీ తెలియని కిటుకు. ఆయన లోపలికి వెళ్ళాడు.

నాన్న పోయిన తొట్టి గదిలోకి.

తనంతట తనే.

ఆమె లోపలికి వెళ్ళి తలుపు వేసింది. లోపలి నుంచి తాళం తిప్పింది. స్విచ్ నొక్కింది.

నేలలోకి దింపిన సిమెంటు తొట్టి. తొమ్మిదడుగుల లోతు. గోడకి ఇనప నిచ్చెన. కంపెనీ దీన్ని బాగుచేయించి మళ్ళీ వాడుతోంది. పొద్దున్నే బీరు తోడేశారు. రేపు కడుగుతారు. అడుగున ఇంకా నురగ మరకలు... వాటి పైన కనబడని చెడుగాలి ఇంకా ఉంది.

ముసలాయన తొట్టి అంచున నిలబడి రొప్పుతున్నాడు.

"పెద్దదానివయ్యావు," అన్నాడు.

"నాన్న వయసు దాటాను."

"పోస్టర్లో నీ బొమ్మ చూశాను. ఒక్కసారి దూరం నుంచి చూసి పోదామని... అంతే తల్లీ."

"తల్లీ అనకు."

ఆమె గోడకున్న కొక్కెం నుంచి తీగ తీసింది. చివర కొవ్వొత్తి గుచ్చే ఇనప ముల్లు. అప్పట్లో తొట్టిలోకి దిగేముందు వెలిగించిన కొవ్వొత్తి దించి చూసేవాళ్ళు, ఆరిపోతే చెడుగాలి ఉన్నట్టు. ఇప్పుడు దానికి మీటరుంది. తీగ కేవలం జనానికి చూపించడానికి. ముల్లుకి కొవ్వొత్తి గుచ్చింది.

"ఆ రోజు ఈ తీగ పట్టుకుంది ఎవరో గుర్తుందా?"

ఆయన తీగ వైపు చూసి తల తిప్పుకున్నాడు.

"నేను. తొమ్మిదేళ్ళు నాకు. నాన్నకి క్యారేజీ తెచ్చాను. తీగ పట్టుకోవడం నీ పని. పై నుంచి ఎవరో పిలిస్తే నా చేతికిచ్చి వెళ్ళావు. నాన్న బూట్లేసుకుని వచ్చి అడిగాడు, వెలుగుతోందా అని. వెలుగుతోంది నాన్నా అన్నాను. దిగాడు." ఆమె తొట్టిలోకి చూసింది. "రోజూ ఈ గదిలో ఆ గొంతు వినబడుతుంది నాకు. వెలుగుతోందా... వెలుగుతోందా... కొవ్వొత్తి వెలుగుతూ ఉంటే గాలి మంచిదే. మంచి గాలి మనిషిని చంపదు. మరి నాన్న ఎలా చచ్చిపోయాడు బాబాయ్?"

"వద్దు."

"పొద్దున మీరిద్దరూ పోట్లాడుకున్నారు. విన్నాను. పక్కనుంచి నెట్టావా? వెనకనుంచి కొట్టావా? అన్నీ చేసి మళ్ళీ తాగుబోతని చెప్పావు. చచ్చినవాడి మీద అంత కక్షేంటి?"

"ఆ పోట్లాట నీ గురించే. పిల్లని ఇక్కడికి తేవద్దని నేను అన్నాను. వాడు వినలేదు."

"అబద్ధం."

"సరే. అబద్ధమే."

"నిజం చెప్పు. లేకపోతే దిగు. నాన్న దిగిన చోటికే దిగు."

ఆమె తనకే తెలియని గొంతుతో అంది ఆ మాట. తాళం చెవి పిడికిట్లో గుచ్చుకుంటోంది. ఆయన గొడవ పడతాడనుకుంది. కాళ్ళ మీద పడతాడనుకుంది. అరుస్తాడనుకుంది.

ఆయన కోటు విప్పాడు. నేల మీద పెట్టడానికి వంగలేదు. కొక్కేనికి తగిలించాడు.

"మీ అమ్మకి మాటిచ్చాను," అన్నాడు. "చెప్పడం కంటే దిగడమే తేలిక."

నిచ్చెన పట్టుకున్నాడు. ఒక మెట్టు. ఇంకో మెట్టు. నడుము దాకా లోపలికి వెళ్ళాడు.

అమ్మకా? అమ్మకి ఏం మాట?

ఆమె కొవ్వొత్తి వెలిగించి తీగ వదిలింది. కొవ్వొత్తి ఆయన పక్కనుంచి కిందికి జారింది. ఆయన మోకాళ్ళు దాటింది... పాదాలు దాటింది... 

టప్‌మని ఆరిపోయింది.

పొగ కూడా పైకి రాలేదు.

ఆమె గబగబా తీగ లాగింది. పుల్ల గీసింది. విరిగింది. ఇంకోటి గీసింది. వెలిగించి మళ్ళీ వదిలింది. అదే చోట మంట కుంగింది. వెంటనే జానెడు పైకి లాగింది. మంట నిలబడింది. అక్కడే ఆపి పట్టుకుంది.

ముసలాయన నిచ్చెన మీద ఆగిపోయాడు. ఆమె చేతుల్నే చూస్తున్నాడు. కళ్ళ నిండా నీళ్ళు.

"వెలుగుతోందా తల్లీ?" అన్నాడు.

"వెలుగుతోంది."

అంది.

నోరు దానంతట అదే అంది.

తర్వాత వినబడింది... తన గొంతే. తొమ్మిదేళ్ళ గొంతు. ఆ రోజూ కొవ్వొత్తి ఆరిపోయింది. ఆర్పేశానని తిడతారని భయపడి మళ్ళీ వెలిగించి, మంట నిలబడ్డ చోటే తీగ ఆపి పట్టుకుంది.

ఆమె కిందికి చూసింది. కాళ్ళ దగ్గర మూడు అగ్గిపుల్లలు.

"లేదు," అంది. "లేదు లేదు లేదు."

"నేను తిరిగొచ్చేసరికి నువ్వు ఇలాగే నిలబడి ఉన్నావు." ఆయన మాట నెమ్మదిగా, నీళ్ళ కింద నుంచి వస్తున్నట్టుంది. "వాడు అప్పటికే అడుగున ఉన్నాడు. దిగితే నేనూ పోతానని దిగలేదు. నా తప్పు అది. తీగ పిల్ల చేతికిచ్చాను. అదీ నా తప్పే. నీ కాళ్ళ దగ్గరి పుల్లలు ఏరి జేబులో వేసుకున్నాను. మీ అమ్మ చూసింది. తాగాడని చెప్పు, పిల్ల పేరు రానివ్వకు అంది. వాడి పరువు పోయినా పర్లేదు, పిల్ల బతకాలి అంది. మనిషి తాగాడంటే కొవ్వొత్తి గురించి ఎవరూ అడగరు. అడగలేదు. నేనుంటే ఎప్పుడో నోరు జారతానని ఊరు వదిలాను."

"మరి ఇన్నేళ్ళూ నాకు గుర్తు రాలేదే..."

"మర్చిపోయావు. బతికిపోయింది పిల్ల అనుకున్నాం."

పరుగుకి అలిసిపోయిన ఆయన చెయ్యి నిచ్చెన మీద సడలింది. తల వాలింది. ఒక మెట్టు కిందికి జారాడు!

ఆమె తీగ వదిలేసింది. బోర్లా పడుకుని, తొట్టి అంచు మీద నుంచి రెండు చేతులతో ఆయన మణికట్టు పట్టుకుంది.

"పైకి రా. బాబాయ్, పైకి రా. నువ్వు కూడా పోవద్దు. పైకి రా."

లాగింది. భుజం కీలు కలుక్కుమంది. ఆయన కాలు ఒక మెట్టు దొరకబుచ్చుకుంది. ఇంకో మెట్టు. దగ్గుతూ అంచు మీదికొచ్చి ఆమె పక్కన కూలబడ్డాడు.

కింద కొవ్వొత్తి ఎప్పుడో ఆరిపోయింది.

ఆమె చెయ్యి మళ్ళీ సంచిలోకి పోతోంది. రెండో చేత్తో ఆ చెయ్యి పట్టుకుని ఆపింది.

సంచిలో ఫోన్ మోగింది.

అమ్మ.

ఎత్తింది.

"ఏమే, ఎంతసేపు చెయ్యాలి నేను? అన్నం చల్లారిపోతోంది. సెల్లార్‌లోంచి పైకొచ్చావా?"

అటువైపు వంటింట్లో చప్పుళ్ళు. గరిట పెట్టిన చప్పుడు. స్టవ్ లైటర్ టిక్కుమన్న చప్పుడు.

"అమ్మా."

"ఏంటే?"

"మనింట్లో అగ్గిపెట్టె ఎందుకుండదు?"

లైటర్ చప్పుడు ఆగిపోయింది.

 అమ్మ గొంతు తగ్గించి అడిగింది...

"మీ ఈల బాబాయ్ నీ పక్కనే ఉన్నాడా?"