శివకృష్ణ జపాన్ చావులు

జపాన్ నుంచి ఫోన్ వచ్చేసరికి శివకృష్ణ చేతిలో సగం తిన్న దోసె ఉంది. అక్కడి భాషలో నాలుగు మాటలు మాట్లాడి ఫోన్ పెట్టేశాడో లేదో, చట్నీ వడ్డిస్తున్న కొత్త పెళ్ళాం రాధాకుమారిని గిర్రున తిప్పేశాడు. చట్నీ కాస్తా గోడకెక్కింది.

"రాధా! పెద్ద వేషం! సినిమా అంతా నేనే!"

రాధాకుమారికి నవ్వు ఆగలేదు. చదువుకోవడానికి ఈ కొమరోలు నుంచి జపాన్ వెళ్ళిన మనిషి, అక్కడి చిన్నచిన్న దయ్యాల సినిమాల్లో శవంగానో, రాక్షసుడు మొదట మింగే బాటసారిగానో కనిపిస్తూ వచ్చాడు. పేరున్న పాత్ర ఇదే మొదలు.

గడప దగ్గర చింతపండు ఒలుస్తున్న అత్త నాగరత్నమ్మ తలెత్తలేదు. "దీంట్లో గూడ సస్తావా?"

తల్లితో అబద్ధమాడడం శివకృష్ణకు చేతకాదు. "చివర్లో... సస్తానమ్మా."

"అయితే వద్దు. నువ్వు సచ్చేది ఫోన్లో సూసినప్పుడల్లా తలకు పోసుకొని ఇల్లు కడుక్కుంటి. ఇప్పుడు ఈ పిల్ల మెడలో పసుపుతాడు ఇంకా ఆరనే లేదు."

గొర్రెలు తోలుకుపోబోతున్న మామ లక్ష్మీనరసయ్య ఆగాడు. "ఉత్తుత్తి సావుకు ఇంత రచ్చేందే?"

"నువ్వు గొర్రెల్ని సూసుకోపో. కన్నది నేను!"

"నువ్వు వద్దంటే చెయ్యన్లేమ్మా." శివకృష్ణ ఫోన్ తీశాడు, ఆ మాటే జపాన్‌కు చెప్పడానికి. రాధాకుమారి చటుక్కున లాక్కుంది.

"అత్తా, ఈయన చచ్చేదాకా చూసి ఆపేస్తున్నావు. తర్వాతేమైందో చూడొద్దా?"

"తర్వాతేముంటాది, పాడె!"

"ఇది చూడు."

మన సినిమాల్లో చావు సీను అయిపోగానే, చచ్చినవాడి చేత కెమెరా ముందు ఒకసారి నవ్వించే ఆనవాయితీ ఉంది. శివకృష్ణ దాన్ని జపాన్‌కూ మోసుకెళ్ళాడు. మొన్న పెళ్ళి కాగానే ఆ వీడియోలు చూసి రాధాకుమారి పడీపడీ నవ్వింది.

ఫోన్లో నెత్తుటి మడుగులో శవం. ఎవరో కేక వేశారు. శవం లేచి కూర్చుని పళ్ళన్నీ బయటపెట్టింది. చుట్టూ జపాన్ వాళ్ళ చప్పట్లు. తర్వాతి దాంట్లో రాక్షసుడి నోట్లోంచి శివకృష్ణ తల ఒక్కటే బయటికొచ్చి ఇకిలించింది.

"మళ్ళీ పెట్టు," అంది నాగరత్నమ్మ. మళ్ళీ చూసింది. నవ్వుతూనే కొంగుతో కళ్ళొత్తుకుంది. "ఇన్నేండ్లూ ఇది ఎందుకు సూపీలేదురా?"

"నేను సచ్చేది సూడంగానే లేచి పోతివి గదమ్మా!"

"సరే, చేస్తానని చెప్పు ఆ జపానాయనకు. నవ్వకుండా మాత్రం లెయ్యగాకు." కోడలివైపు తిరిగింది. "రాధా, రేపు పొద్దున్నే పక్కింటి రోశమ్మనూ వీధిలో వాళ్ళందర్నీ పిలువు. నీ మొగుని సినిమాలన్నీ సూద్దాం. వాడు సచ్చిన ప్రతిసారీ, ఎనకాలే ఆ నవ్వు పెట్టు."