బుధవారం ఉపవాసం చేసిన సన్యాసి

ఈజిప్టులోని లక్సర్ స్టేషన్‌లో రైలు కదిలేలోగా బఖూమ్ చేయాల్సిన పనులివి. మీసం తీసెయ్యాలి. సెంట్లమ్మే మనిషి వేషం కాబట్టి ఒంటికి కాస్త అత్తరు పట్టించాలి. టీ ఫ్లాస్కు అడుగున అమర్చిన వైర్‌లెస్ పలుకుతుందో లేదో చూసుకోవాలి. పిస్తోలు తుడవాలి. ఒక బుట్టెడు గుడ్లు ఉడకబెట్టించుకోవాలి.

ఈ ఆఖరి పని కల్నల్ రిఫాత్‌కి అంతుబట్టలేదు.

"గుడ్లెందుకయ్యా?"

"ఆకలేస్తుంది సార్."

పురావస్తు నిఘా విభాగానికి కల్నల్ పెద్ద. బఖూమ్ ఆయన ఏజెంట్. కల్నల్ తలుపు గడియ పెట్టి బ్రీఫింగ్ మొదలెట్టాడు.

"టార్గెట్ ఒక పుస్తకం. పదహారు వందల ఏళ్ల నాటి పపైరస్ రెల్లు కాగితాలు, తోలు అట్ట. 'దీపం సువార్త' అంటారట. జెనీవా ముఠా చేతిలో పడింది. వాళ్ల కొరియర్ సన్యాసి వేషంలో ఈ రైలెక్కుతున్నాడు. కైరో ప్లాట్‌ఫారం మీద ఎంబసీ మనిషి డిప్లొమాటిక్ బ్యాగు పట్టుకుని ఉంటాడు. పుస్తకం అందులో పడి సీలు పడిందా, చట్టప్రకారం మనం దాన్ని వేలితో కూడా తాకలేం."

"రైల్లో నల్ల అంగీవాళ్లు ఎంతమంది సార్?"

"ముగ్గురు. దొంగవాడనుకుని నిజమైన సన్యాసి మీద చెయ్యేశావో, రేపు పేపర్లో నీ ఫొటో, నా ఫొటో పక్కపక్కన. ముందు వాడెవడో తేల్చు, తర్వాతే సోదా." కల్నల్ గొంతు తగ్గించాడు. "ఒకటడుగుతాను, ఏమనుకోకు. ఆ పుస్తకాలు తగలబెట్టమని ఆ రోజుల్లో మీ బిషప్పులే ఆర్డరేశారట కదా. నువ్వు ఆదివారం తప్పకుండా చర్చికెళ్లే మనిషివి. నీకెందుకింత పట్టుదల?"

"కిందటేడు ఇలాంటిదే ఒకటి దేశం దాటిపోయింది సార్. కత్తెర పెట్టి ఆకు ఆకూ కోసి అమ్ముకున్నారు. ఇప్పుడు దాన్ని తప్పని తిడదామన్నా చదవడానికి లేదు."

బఖూమ్ చెరకు రైతు కొడుకు. ఆ ఇంట్లో కాలేజీ గడప తొక్కినవాడు అతనొక్కడే. ఈజిప్టు క్రైస్తవులైన కాప్టుల పాత భాష అక్కడే నేర్చుకున్నాడు. ఆ కాలపు క్రైస్తవులు ఒక్క మాట మీద లేరని చదివి తెలుసుకున్నాడు. నమ్మితే చాలని కొందరు, తనలోని వెలుగును తెలుసుకుంటేనే రక్షణని కొందరు. ఈ రెండో రకంవాళ్లు, ఈ లోకాన్ని చేసినవాడు అసలు దేవుడే కాదనీ, తన పైన ఇంకొకరున్నారని ఎరగని గర్విష్ఠనీ రాసిపెట్టారు. బిషప్పులకు ఒళ్లు మండింది. చదవదగ్గవి ఇవీ అని చెప్పి, తక్కినవన్నీ నిప్పుల్లో వెయ్యమన్నారు. ఎవరో మాట వినలేదు. పుస్తకాలు కుండల్లో పెట్టి కొండ కింద పాతేశారు. ఆ రాతలను బఖూమ్ నమ్మడు. కానీ ఆ మాట విననివాళ్లంటే అతనికి వల్లమాలిన గౌరవం.

రైలు కదిలింది. భోజనాల పెట్టెలో ఆకుపచ్చ సిల్కు గౌనులో ఫెబ్రోనియా కూర్చుని ఉంది. కైరో హోటళ్లలో పాటలు పాడుతుంది. జెనీవా ముఠాకీ పనిచేస్తుంది, కల్నల్‌కీ పనిచేస్తుంది. ఎవరికి ఎక్కువ చేస్తుందో ఆవిడకే తెలియాలి.

"నిమ్మకాయ టీ దొరుకుతుందా మేడమ్?" బఖూమ్ కోడ్ అడిగాడు.

"సోంపు టీయే ఉంది." జవాబు సరిపోయింది. ఆవిడ అద్దంలో లిప్‌స్టిక్ దిద్దుకుంటూ పెదవులు కదపకుండా అంది, "దగ్గుతున్న ముసలాయన. వాడే."

బఖూమ్ బుట్ట పట్టుకుని మూడో పెట్టెలోకి నడిచాడు. నల్ల అంగీలు ముగ్గురూ ఒకేచోట కూర్చున్నారు. ముసలాయన దగ్గుతున్నాడు. పడుచు సన్యాసి కిటికీలోంచి చూస్తున్నాడు. నడివయసు సన్యాసి ఒళ్లో గుడ్డ చుట్టిన మూట పెట్టుకుని ప్రార్థన గొణుక్కుంటున్నాడు.

"క్రీస్తు లేచాడు, అబూనా." తండ్రీ అనే పిలుపు చేర్చి బఖూమ్ ఈస్టర్ రోజుల పలకరింపు పలికాడు.

"నిజంగా లేచాడు," అన్నారు ముగ్గురూ. ఒక్కరి నోరూ తడబడలేదు.

"మా ఆవిడ ఉడకబెట్టి ఇచ్చింది. తలా ఒకటి తీసుకోండి అబూనా."

ముసలాయన రెండు తీసుకున్నాడు. "దగ్గుకి మంచిదిరా అబ్బాయ్."

"దగ్గుకి గుడ్డు మంచిదని ఏ డాక్టరు చెప్పాడు అబూనా?" అన్నాడు పడుచు సన్యాసి, ఒకటి వొలుచుకుంటూ.

"గుడ్డు చెప్పింది. నువ్వు ఉప్పందుకో."

నడివయసాయన మాత్రం చెయ్యి గుండె మీద పెట్టుకున్నాడు. "క్షమించు నాయనా. ఇవాళ బుధవారం. ఉపవాసం." ఆ వినయం చూస్తే ఎవరికైనా కాళ్లకు మొక్కబుద్ధేస్తుంది.

ముసలాయన నమలడం ఆపి అతన్ని వింతగా చూశాడు.

కాప్టులకు ఏడాది పొడుగునా బుధవారం, శుక్రవారం ఉపవాసమే. గుడ్డూ పాలూ ముట్టరు. కానీ ఈస్టర్ తర్వాత యాభై రోజులు పండుగ రోజులు. అప్పుడు ఏ వారమైనా సరే ఉపవాసం కూడదు. ఈస్టర్ వెళ్లి ఇంకా పక్షమైనా కాలేదు. పల్లెలో పసిపిల్లలకు కూడా తెలిసిన సంగతది.

ఫెబ్రోనియా అబద్ధం చెప్పిందన్నమాట. బఖూమ్ తలుపు దగ్గరికెళ్లి ఫ్లాస్కు అడుగున మీట తిప్పాడు. కల్నల్ గొంతుకు బదులు డాన్సు పాట వినిపించింది. ఇక సాయం వచ్చే దారి లేదు, జనం కిక్కిరిసిన పెట్టెలో ఒంటరిగా పిస్తోలు తీయనూ లేడు.

కైరోలో జనం తోసుకుంటూ దిగారు. బఖూమ్ అందుకునేసరికి మూట విప్పేశారు. తోలు అట్ట బ్యాగులోకి జారిపోయింది. ఎంబసీ మనిషి సీలు పటకారు బయటికి తీశాడు. బఖూమ్ మోచేతి దాకా చెయ్యి బ్యాగులోకి దూర్చేశాడు.

"చెయ్యి తియ్. ఇది ఎంబసీ బ్యాగు."

"బ్యాగు మీది. చెయ్యి ఈజిప్టుది. కావాలంటే రెండూ కలిపి సీలెయ్యండి."

దొంగ సన్యాసి అంగీలోంచి పిస్తోలు తీశాడు. అంతలో ఆకుపచ్చ సిల్కు మెరిసింది. ఫెబ్రోనియా హైహీలు వాడి చెప్పులేని వేళ్ల మీద దిగింది. వాడు కుప్పకూలాడు, పిస్తోలు పట్టాల మీద పడింది.

ఎంబసీ మనిషి పళ్లు కొరికాడు. "మీవాళ్లే తగలబెట్టమన్న చెత్త. మీకెందుకు?"

"తగలబెట్టమన్నదీ మావాళ్లే, దాచిందీ మావాళ్లే. ఇంటి తగువు. మధ్యలో నువ్వెవడివి?" బఖూమ్ పుస్తకంతో సహా చెయ్యి బయటికి లాగాడు. పటకారు గాలిని కొరికింది.

పోలీసులు దొంగ సన్యాసికి బేడీలు వేస్తుంటే బఖూమ్ ఫెబ్రోనియా వైపు తిరిగాడు. "ముసలాయన అని ఎందుకు చెప్పారు?"

"పక్క బల్ల దగ్గర వాళ్ల మనిషి చెవులు రిక్కించి కూర్చున్నాడు. నువ్వు నన్ను నమ్మవులే అని ధైర్యం." ఆవిడ చెప్పు సర్దుకుంది. "వీడికి సన్యాసి పాఠాలు నేర్పింది నేనే. దండం నుంచి ఉపవాసం దాకా అన్నీ చెప్పాను. యాభై రోజుల పాఠం దగ్గరికొచ్చేసరికి నాకు గొంతు నొప్పొచ్చింది."

మర్నాడు మ్యూజియంలో బఖూమ్ ఆఖరి ఆకు చదివాడు. సువార్త అయిపోయాక కింద, వంకర అక్షరాల్లో, రాసినవాడి మాట ఉంది. "పామిన్ అనే నేను దీన్ని చలిలో, భయంలో రాశాను. చదివే అన్నా, ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా, నన్ను తలుచుకో."

ఆ సువార్తలో ఏది నిజమో పండితులు తేల్చుకుంటారు, వాళ్లకు జీతాలున్నాయి. మీరు మాత్రం ఒక్కసారి పామిన్‌ను తలుచుకోండి.