నోరు లేని రైలు

"ఇంజనుకి నోరేదండీ?"

చీరాల స్టేషన్లో ప్లాట్‌ఫాం బెంచీ మీద కూర్చుని నాగజ్యోతి అతన్ని అడిగిన మొదటి మాట అది. ఎదురుగా నిలబడ్డ శ్యామ్ సుందర్ గీసి తెచ్చిన రైలు బొమ్మలు ఆమె ఒళ్ళో ఉన్నాయి.

నాగజ్యోతి వేటపాలెం దగ్గర ఒక బడిలో ఒకటో తరగతి టీచరు. అప్పుడప్పుడే అక్షరాలు కూడబలుక్కునే పిల్లల కోసం మాట్లాడే రైలు కథలు రాసింది. ఆ కథల్లో చిట్టి అనే ప్యాసింజరు రైలు దారిలో కనిపించిన అందరితోనూ కబుర్లాడుతుంది. మేకలతో, మిరపచేలో కూలీలతో, సిగ్నల్ స్తంభం మీది కాకితో. గుంటూరులో ఒక చిన్న ప్రచురణ సంస్థ వాటిని పుస్తకంగా వేస్తానని చెప్పి, బొమ్మలు శ్యామ్ సుందర్‌కి అప్పజెప్పింది. అతనిది చీరాలలో చేనేత కుటుంబం. చీరల అంచులకీ కొంగులకీ డిజైన్లు గీయడం అతని పని.

"మాట్లాడే రైలండీ ఇది. నోరు లేకుండా ఎట్టా మాట్లాడుద్ది?"

అతను బొమ్మలోని కిటికీలను వేలితో చూపించాడు.

"అక్కర్లేదు," అన్నాడు.

"ఏది అక్కర్లేదు?"

"నోరు."

అంతకుమించి ఒక్క మాట రాలేదు. మనిషి చూస్తే నెమ్మదస్తుడిలాగే ఉన్నాడు, కళ్ళు కూడా మంచివే. అయినా ఇంత పొగరేమిటి అనుకుంది నాగజ్యోతి. బొమ్మలు అతని చేతిలో పెట్టేసి వచ్చి బస్సెక్కింది.

ఇంటికి చేరేసరికి ఫోన్లో మెసేజ్ ఉంది.

"నమస్తే మేడమ్. స్టేషన్లో సరిగా చెప్పలేకపోయాను. నోరు పెడితే ఇంజను ఒక్కటే మాట్లాడినట్టుంటుంది. మన చిట్టికి కిటికీలన్నీ నోళ్ళే కదా. మీరు కావాలంటే నోరు పెడతాను గానీ పళ్ళు మాత్రం పెట్టను. పళ్ళున్న రైలంటే నాకే భయం."

నాగజ్యోతికి నవ్వొచ్చింది. ఇతనూ అతనూ ఒకరేనా అనిపించింది. "సరే, నోరొద్దు," అని జవాబు పెట్టింది.

ఆ తర్వాత మెసేజులకి అంతూ పొంతూ లేదు. టికెట్ లేని మేకని టీసీ ఏమంటాడు, కాకి చిట్టికి ఏమవుతుంది, అక్కా పిన్నా అని వాదించుకునేవాళ్ళు. సాయంత్రం బడి వదలగానే ఆమె చెయ్యి ముందు ఫోను మీదికే వెళ్ళేది. కానీ ఫోను చేస్తే మాత్రం అతను ఎత్తడు. కట్ చేసి, "మెసేజ్ పెట్టండి ప్లీజ్" అంటాడు.

ఒకరోజు ఆగలేక అడిగేసింది. "మీకు పెళ్ళయిందా?"

"లేదు. ఎందుకండీ?"

"ఫోనెత్తరుగా, అందుకని."

'టైపింగ్' అని చాలాసేపు కనిపించింది. ఆగింది. మళ్ళీ కనిపించింది. చివరికి "మగ్గం దగ్గర పనుంది, మళ్ళీ మాట్లాడతాను" అని వచ్చింది. నాగజ్యోతి ఆ వారమంతా అతనికి మెసేజ్ పెట్టలేదు.

అచ్చుకి ముందు పుస్తకాన్ని పిల్లలకి చదివి చూపించమన్నారు ప్రచురణవాళ్ళు. శ్యామ్ సుందర్ బొమ్మలు పట్టుకుని బడికొచ్చాడు. హెడ్మాస్టరు ఇమాం హుస్సేన్ గారు మర్యాదకి, "బొమ్మలేసిన సారే చదివితే బాగుంటది," అన్నారు. శ్యామ్ సుందర్ మొహం పాలిపోయింది.

"చదవండి," అంది నాగజ్యోతి. "ఫోనెటూ ఎత్తరు. పుస్తకమన్నా ఎత్తండి."

అతను కాగితాలు తీసుకున్నాడు. గొంతు సవరించుకున్నాడు.

"చి... చి... చి..."

మాట ముందుకి కదల్లేదు. మెడ నరాలు బిగుసుకున్నాయి, నుదుటిమీద చెమట పట్టింది. అతను ఎత్తని ఫోన్లన్నీ నాగజ్యోతికి ఒక్కసారిగా అర్థమయ్యాయి. ఇందాకటి తన మాట వెనక్కి తీసుకునే దారి లేదు.

ముందు వరసలోని పాప లేచి నిలబడింది. "సారూ, రైలు బయల్దేరతందా?"

అతను ఆ పాపని చూశాడు. "అ... అవునమ్మా."

అంతే, తరగతి తరగతంతా చి, చి, చి అని అందుకుంది. ఆ గోలలో శ్యామ్ సుందర్ ఊపిరి పీల్చుకున్నాడు, చిన్నగా నవ్వాడు. "చిట్టి రైలు వచ్చింది," అన్నాడు. మళ్ళీ ఆగినచోట పిల్లలు వాళ్ళే ఇంజన్లయ్యారు. కథ పూర్తవడానికి చాలాసేపు పట్టింది. అయిపోగానే ఇంకోసారి చదవమన్నారు.

బడి వదిలాక సన్నగా వాన పట్టుకుంది. ఇద్దరూ వరండాలో నిలబడ్డారు.

"నేనట్టా అనకుండా ఉండాల్సింది," అంది ఆమె.

"ఫో... ఫోన్లో ఇంకా ఎక్కువండీ. హలో హలో అని పె... పెట్టేస్తారు."

"నేను పెట్టేదాన్ని కాదు."

"పెడతారని కాదు. న... నవ్వుతారేమోనని. వేరేవాళ్ళు నవ్వితే ప... పర్లేదు."

"నేను నవ్వితే?"

అతను వానవైపు చూశాడు. "మె... మెసేజ్ పెడతాను."

"వద్దు. నోటితోనే చెప్పండి. నాకిప్పుడు పనేం లేదు."

అతను చెప్పాడు. ఒక్కో మాటా తడిసిన పిట్టలా ఆగి ఆగి వచ్చి వాలింది. ఒక్కటీ వదలకుండా విని, "నాకూ ఇష్టమే," అంది నాగజ్యోతి. వాన తగ్గినా ఇద్దరూ వరండా దిగలేదు.

"నాన్నకి నేను చెప్తాలే. ఆయన ఎవర్నీ మాట పూర్తి చెయ్యనివ్వడు," అంది ఆమె తర్వాత.

"నే... నేనే చెప్పాలి."

ఇద్దరూ వెళ్ళేసరికి, దర్శి దగ్గర ఊళ్ళో నాగజ్యోతి వాళ్ళ మిరప కల్లం ఎర్రటి దుప్పటి పరిచినట్టుంది. ఆమె తండ్రి యలమందయ్య రంగు పోయిన తాలుకాయలు ఏరుతూ తలెత్తాడు. శ్యామ్ సుందర్ చేతులు జోడించాడు.

"నే... నేను చీ... చీరాల నుంచి..."

"చీరలమ్మటానికా? ఇంట్లోకెళ్ళు, ఆడాళ్ళున్నారు."

"కా... కాదండి. మీ అ... అమ్మాయి..."

"అమ్మాయి బడి నుంచొచ్చావా? ఏమైందయ్యా దానికి?"

తండ్రికి కనబడకుండా వెనక మిరప బస్తాల చాటున ఆగిన నాగజ్యోతి పెదవి కొరుక్కుంది. ఒక్క ముక్కలో తను చెప్పేయగలదు. చెప్పలేదు. శ్యామ్ సుందర్ కల్లం అంచున గొంతుక్కూర్చున్నాడు, ఆయన అనేవన్నీ అననిచ్చాడు. ఆయన ఆగాక మళ్ళీ మొదలుపెట్టాడు.

"మీ అమ్మాయిని పె... పెళ్ళి చేసుకోవాలని ఉందండి. ఆమెకి ఇ... ఇష్టమే. మీ ఇష్టం అ... అడుగుదామని వచ్చాను."

యలమందయ్య చేతిలో కాయలు చేతిలోనే ఉండిపోయాయి. బస్తాల చాటునుంచి ముందుకొచ్చిన కూతురివైపు చూశాడు. ఆమె తలదించుకోలేదు.

"మీరు నేసేవాళ్ళు, మేం సేద్యగాళ్ళం. మావాళ్ళు నాలుగు మాటలంటారు," అన్నాడు.

"అం... అంటారండి."

"అంటే ఏం చేస్తావు?"

"విం... వింటానండి. మళ్ళీ వ... వస్తాను."

యలమందయ్య కాయలు గుట్టమీద పడేసి లేచాడు. "ఎండలో ఎంతసేపయ్యా. అన్నం తిని మాట్లాడుకుందాం పద."

కంచాల ముందు కూర్చున్నాక ఆయనే అడిగాడు. "ఒక్కో చీరకి ఎన్ని రోజులు పడుద్ది?"

"అ... అది..." అంటూ శ్యామ్ సుందర్ ఆగాడు.

గుమ్మంలో నిలబడ్డ నాగజ్యోతి తండ్రిని చూసింది. ఆయన అన్నం కలుపుతున్న చెయ్యి ఆపి, ఆ కుర్రాడి మొహంలోకి చూస్తూ, జవాబు కోసం ఊరికే కూర్చున్నాడు.