జానెడు దూరంలో టాంగో

టాంగో మొదలైన అర నిమిషానికే ఇల్మారి ఛాతీలోంచి సన్నగా కూత వినిపించింది.

"మీ ఫోన్," అంది సైమి.

"ఫోన్ కాదు," అన్నాడు ఇల్మారి. జానెడు వెనక్కి జరిగి, పక్కింటివాళ్ల పింగాణీ కూజా మోస్తున్నట్టు ఆమెను చేతుల చివర పట్టుకుని ఆడసాగాడు.

సరస్సు ఒడ్డున ఉన్న ఆ చెక్క నాట్యశాలలో టాంగో అంటే ఛాతీకి ఛాతీ ఆనించి ఆడేది. ఆడుతున్నంతసేపూ మాట్లాడక్కర్లేదు కాబట్టే అక్కడివాళ్లకి అదంటే అంత ఇష్టం. మధ్యలో జానెడు ఖాళీ పెట్టినవాణ్ణి మాత్రం ఎవరూ ఎరగరు. బెంచీల మీదివాళ్లు ఇప్పుడు కళ్లారా చూస్తున్నారు.

మూడు శనివారాలుగా సైమి టాంపెరె పట్నం నుంచి బస్సెక్కి వస్తున్నది ఇతని కోసమే. ఇన్నాళ్లూ గెంతుతూ ఆడే పోల్కాలకే పిలిచాడు. ఈరోజే మొదటి టాంగో.

"ఎవరో పాపం మీ కోసం కంగారుపడుతున్నారు. ఎత్తకూడదూ?"

"ఎవరూ లేరు."

"ఎవరూ లేకుండానే కూస్తోందా?"

ఇల్మారి చెవులదాకా ఎర్రబడ్డాడు.

ఒకసారి పిలిచాక రెండు పాటలు ఆడాల్సిందే. మధ్యలో వదిలిపోవడం ఆ ఊళ్లో విడాకుల కన్నా పెద్ద వార్త. రెండోదీ జానెడు దూరంలోనే ముగిసింది. ఇల్మారి ఆమెను పద్ధతిగా బెంచీ దాకా దింపి, తల వంచి, కోట్లు తగిలించే కొక్కేల వైపు నడిచాడు.

బెంచీ మీద పక్కనే కెర్ట్టు బామ్మ ఉంది. ఇల్మారికి నాయనమ్మ.

"ఏమే, మధ్యాహ్నం వెల్లుల్లి తిన్నావా?"

"ఆయనకి ఇంకెవరో ఉన్నారు బామ్మా. ఫోన్ గుండెకి హత్తుకుని మరీ వచ్చారు."

"ఫోనేంటే! కిందటి చలికాలం స్కీ పందెంలో కుప్పకూలిపోయాడుగా. గుండె దారితప్పితే షాక్ కొట్టి లేపడానికి లోపల ఒక యంత్రం పెట్టారు. ఊరందరికీ తెలుసు."

"నాకెవరూ చెప్పలేదే!"

"నువ్వు అడగలేదుగా."

సైమి చెయ్యి మెడలో వేలాడే చిన్న సంచీ మీదికి వెళ్లింది. అందులో ఆమె ఫోన్, దానికి అయస్కాంతం ఉన్న కవరు. దుకాణంలో అలాంటివి అమ్మడమే ఆమె పని. డబ్బా వెనక సన్నటి అక్షరాల్లో ఉంటుంది: గుండె యంత్రం ఉన్నవారికి పదిహేను సెంటీమీటర్ల దూరంలో ఉంచాలి. ఆ వాక్యం మీదే రోజూ 'కొత్త సరుకు' అని చీటీ అంటించేది తనే.

సైమి పరుగున వెళ్లేసరికి ఇల్మారి అప్పటికే ఒక చెయ్యి కోటులో పెట్టాడు.

"ఆ కూత నా అయస్కాంతం వల్లేనా?"

"ఊఁ. అది దగ్గరికొస్తే యంత్రం అరుస్తుంది. ఉన్నంతసేపూ కాపలా మానేస్తుంది. దూరం జరిగితే మామూలే."

"అంటే ఆ కాసేపట్లో మీకేమైనా అయితే? నోరు తెరిచి చెప్పొచ్చుగా!"

"చెబితే జాలిపడతారు. జాలితో టాంగో బాగోదు."

"ప్రాణం పోయినా సరే గానీ మాట బయటికి పోకూడదన్నమాట. నేనంటే మీకు అసహ్యమనుకున్నాను, తెలుసా?"

ఇల్మారి కోటులోంచి చెయ్యి బయటికి తీశాడు. "అది అంతకన్నా బాగోలేదు," అని ఒప్పుకున్నాడు.

లోపల మైకులో చెప్పారు, ఇక ఆడవాళ్లు పిలిచే వంతని. సైమి సంచీ తీసి బామ్మ ఒళ్లో పడేసి, తిరిగొచ్చి అతని ముందు తల వంచింది.

"జాలితోనా?"

"కోపంతో. రండి."

ఈసారి ఖాళీ లేదు. కూతా లేదు. ఏ యంత్రమూ లేని సైమి గుండే ఎక్కువ చప్పుడు చేసింది.

రెండు పాటలూ అయిపోయాయి. దింపాల్సిన ఇల్మారి కదల్లేదు.

"మూడోది?"

"మూడోది ఆడితే ఊరంతా ఏమనుకుంటుందో తెలుసా?"

"తెలుసు. అందుకే ఈసారి నోరు తెరిచి అడుగుతున్నాను."

సైమి చెయ్యి అతని భుజం మీదే ఉండిపోయింది.

బయట టాంపెరె వెళ్లే ఆఖరి బస్సు రెండుసార్లు హారన్ కొట్టింది. కెర్ట్టు బామ్మకి శుభ్రంగా వినిపించింది. ఎవరికీ చెప్పలేదు. ఎవరూ అడగలేదుగా.